ఇజ్తిహాద్ మన సీమకు వచ్చిన దారి

(తిరుపతిలో చేసిన స్మారకోపన్యాసం పాఠం)



నిర్వాహకులు నాకిచ్చిన అంశం "ఆధునిక ఇస్లామీయ చింతనలో సంస్కరణ, పునరుజ్జీవనం". ఈ పేరుతో మాట్లాడేవాళ్లు మామూలుగా కైరోలో ముహమ్మద్ అబ్దూ దగ్గర మొదలుపెట్టి, ఇస్తాంబుల్ మీదుగా అలీగఢ్‌కు వచ్చి, చివరికి చికాగోలో ఫజ్లుర్ రెహమాన్ దగ్గర ఆగుతారు. ఎవరి స్మారకంగా ఈ సభ జరుగుతోందో ఆ మాస్టారు, నాకు తెలుగు చెప్పినాయన, ముందు వరసలో ఉండి ఉంటే రెండో పేరు దగ్గరే చెయ్యెత్తి, "అదంతా సరే నాయనా, మన పక్క ఏం జరిగిందో అది చెప్పు" అనేవారు. అందుకని ఈ సాయంత్రం మన పక్క సంగతే చెప్తాను. దూరపు ఊళ్లు అవసరమైన చోట వాటంతటవే వస్తాయి.

ముందు ఒక భూగోళం సంగతి. చిత్తూరు 1911 దాకా ఉత్తర ఆర్కాటు జిల్లాకు కేంద్రం. ఆ ఏడాది చిత్తూరు జిల్లా వేరుపడి, పాత జిల్లా కచేరీలు వేలూరుకు పోయాయి. కలెక్టరు మారాడు, ఆ తర్వాత రాష్ట్రమూ మారింది. మసీదుల దారులు మాత్రం మారలేదు. పలమనేరు, పుంగనూరు, వి.కోట, మదనపల్లె మసీదుల్లో ఇమాముల పేర్ల చివర చూడండి. 'బాఖవీ' అని ఉంటే వేలూరు బాఖియాతుస్సాలిహాత్‌లో చదివినట్టు. 'ఉమరీ' అని ఉంటే ఉమరాబాద్ జామియా దారుస్సలాంలో చదివినట్టు. వి.కోట నుంచి ఘాటు దిగి, పేర్ణంబట్టు దాటి, ఆంబూరు దారి పడితే ఉమరాబాద్ వస్తుంది. తిరుపతి నుంచి హైదరాబాదు ఎంత దూరమో మీకు తెలుసు. మన ఉమ్మడి చిత్తూరు జిల్లా ముస్లింల మత విద్యకు రాజధాని ఎప్పుడూ పాలారు ఒడ్డునే ఉంది.

ఆ ఒడ్డున ఊళ్లన్నీ తోళ్ల ఊళ్లు. ఆంబూరు, వాణియంబాడి, రాణిపేట, పేర్ణంబట్టు. ఇప్పుడు రసాయనాలతో చేస్తున్న పని అప్పట్లో తంగేడు చెక్కతో చేసేవాళ్లు. పచ్చి తోలును సున్నపు తొట్టిలో నానేసి, వెంట్రుకలు గీకి, తంగేడు చెక్క ఊరిన నీళ్లలో రోజుల తరబడి ముంచి లేపితే తోలు పదునెక్కుతుంది. అలా పదును చేసిన తోలు మద్రాసు రేవు నుంచి లండనుకు పోయేది. తంగేడు మన గుట్టల మీద ఎవరూ నాటకుండా పెరిగే చెట్టు. సంక్రాంతికి గొబ్బెమ్మల మీద పెట్టే పువ్వు ఆ చెట్టుదే. ఈ వ్యాపారంలో వచ్చిన డబ్బు ఎక్కడికి పోయిందన్నదే నాకు ఆసక్తి. కొంత మేడలకు పోయింది, అది ఎక్కడైనా ఉన్నదే. కొంత బళ్లకు పోయింది. ఉమరాబాద్ విద్యాలయాన్ని 1924లో స్థాపించిన కాకా ముహమ్మద్ ఉమర్ తోళ్ల వర్తకుడు. ధర్మశాస్త్రంలో వేర్వేరు మార్గాలు పాటించే హనఫీలు, షాఫియీలు, ఏ ఒక్క ఇమాము మార్గానికీ కట్టుబడని అహ్లెహదీసులు ఒకే గదిలో కూర్చుని చదవాలనీ, అరబ్బీ గ్రంథాలతోపాటు లోకజ్ఞానం కూడా ఉండాలనీ ఆయన పట్టు. ధర్మశాస్త్ర మార్గాలు వేసిన నలుగురు ఇమాముల పేరు మీద నాలుగు గోడలు కట్టుకున్న కాలంలో ఆ గోడల మధ్య తలుపు పెట్టాలనుకోవడం చిన్న సంగతి కాదు.

మద్రాసులో ఇంకో తోళ్ల వర్తకుడు ఉండేవాడు, సేఠ్ జమాల్ ముహమ్మద్. ఆయనకు ఉపన్యాసాలంటే ఇష్టం. ఈ మాట విని నిర్వాహకులు సంతోషిస్తారనుకుంటాను. ఆయన పూనికతో 1925లో సయ్యద్ సులైమాన్ నద్వీ మద్రాసు వచ్చి ప్రవక్త జీవితం మీద ఉర్దూలో 8 ఉపన్యాసాలిచ్చారు. ఆ తర్వాత మార్మడ్యూక్ పిక్తాల్ వచ్చారు. ఇంగ్లీషు నవలాకారుడు, ఇస్లాం స్వీకరించినవాడు, అప్పటికి హైదరాబాదులో నిజాం కొలువులో ఉన్నాడు. ఆయన ఇస్లాం సంస్కృతి మీద మాట్లాడారు. 1929 జనవరి మొదటి వారంలో ముహమ్మద్ ఇక్బాల్ వచ్చారు.

ఇక్బాల్ గోఖలే హాలులో ఇంగ్లీషులో మాట్లాడారు. కవిత్వం వినొచ్చని వచ్చిన వాళ్లు నిరాశపడే ఉంటారు. కాంట్, బెర్గ్‌సన్, ఐన్‌స్టైన్, గజాలీ, ఇబ్న్ రుష్ద్ అందరూ ఒకే వాక్యంలో దూరే ఉపన్యాసాలవి. ఐదు వందల ఏళ్లుగా ఇస్లాంలో మతచింతన దాదాపు కదలకుండా ఉండిపోయిందని మొదటి ఉపన్యాసంలోనే చెప్పారాయన. మద్రాసులో మూడు చదివి, మిగతావి రాసి, ఆరింటినీ ఆ ఏడాది చివర అలీగఢ్‌లో వినిపించి, 1930లో పుస్తకంగా వేశారు. 1934లో ఏడోది చేరింది. ప్రపంచంలో ఏ మూల ఇస్లామీయ చింతన పునర్నిర్మాణం గురించి పాఠం చెప్పినా ఆ పుస్తకం ముందుకొస్తుంది. దాని తొలి శ్రోతలు మద్రాసు వాళ్లు. అప్పుడు మనం కూడా మద్రాసు ప్రెసిడెన్సీ వాళ్లమే.

అక్కడి నుంచి ఆయన బెంగుళూరు, మైసూరు, శ్రీరంగపట్నంలో టిప్పు సమాధి, ఆ మీదట హైదరాబాదు వెళ్లారు. బెంగుళూరు రైలు దారి కుప్పం మీదుగానే. కుప్పం స్టేషన్లో ఆయనకు దండ వేయడానికి ఎవరూ వచ్చి ఉండరు. ఇందులో మన తప్పేమీ లేదు, ఆయన మాట్లాడిన భాష మనది కాదు.

ఆ పుస్తకంలో ఆరో ఉపన్యాసం ఇజ్తిహాద్ గురించి. ఈ సభలో ముస్లిమేతరులు కూడా ఉన్నారు కాబట్టి క్లుప్తంగా చెప్తాను. ముస్లిం ధర్మశాస్త్రానికి ఖురాన్, హదీసు, పండితుల ఏకాభిప్రాయం, పోలికతో చేసే తర్కం ఆధారాలు. ఎదురైన కొత్త సమస్యకు వీటి సాయంతో స్వయంగా ఆలోచించి పరిష్కారం కనిపెట్టడం ఇజ్తిహాద్. ఆ శ్రమ చేయదగిన మహానుభావులు వెయ్యేళ్ల కిందటే చేసి పెట్టారు, మనం వాళ్ల దారిన నడిస్తే చాలు అనుకోవడం తఖ్లీద్. ఇక్బాల్ వాదన ఏమిటంటే, ఆ ఇమాములెవరూ తమ మాటే ఆఖరి మాట అనలేదు. కాబట్టి ప్రతి తరానికీ తన సమస్య తాను తీర్చుకునే హక్కు ఉంది. అది ఒక పండితుడి చేతిలో కాక ఎన్నికైన శాసనసభ చేతిలో ఉండడం నేటి కాలానికి తగినదని కూడా ఆయన అన్నారు. టర్కీలో అప్పుడు శాసనసభ చేస్తున్న మార్పులు చూసి అన్న మాట అది.

ఇదే ఉపన్యాసంలో ఒక నేలబారు ఉదాహరణ ఉంది. నా దృష్టిలో తత్వమంతా ఒక ఎత్తు, ఆ ఉదాహరణ ఒక ఎత్తు. పంజాబులో కొందరు ముస్లిం స్త్రీలు చెడ్డ భర్తను వదిలించుకోవడానికి వేరే దారి లేక మతమే వదిలేస్తున్నారు. హనఫీ శాస్త్రం ప్రకారం భార్య మతం విడిస్తే పెళ్లి రద్దవుతుంది. భర్త పత్తా లేకుండా పోతే మాత్రం అతడి ఈడు వాళ్లంతా పోయేంత కాలం ఎదురుచూడాలి. స్త్రీకి కాపురం నుంచి బయటపడే తలుపు కావాలంటే ధర్మం నుంచే బయటపడాలి. మతాన్ని కాపాడడానికి పుట్టిన శాస్త్రం మనుషుల్ని మతం నుంచి గెంటుతోంది, ఇదేం న్యాయమని ఇక్బాల్ అడిగారు.

ఈ ప్రశ్నకు జవాబు ఇచ్చింది ఎవరో చూడండి. సూటు వేసుకున్న సంస్కర్త కాదు. థానాభవన్‌లో ఉండే మౌలానా అష్రఫ్ అలీ థానవీ. దేవబంద్ సంప్రదాయంలో ఆయనకన్నా నిష్ఠాపరుడు దొరకడు. ఆయనా, ఆయన శిష్యులూ మదీనాలో ఆ నాలుగు మార్గాల్లో మరొకటైన మాలికీ ముఫ్తీలకు ఉత్తరాలు రాసి, అభిప్రాయాలు తెప్పించుకుని, 1930ల తొలి ఏళ్లలో ఒక పుస్తకం వేశారు. ఈ విషయంలో హనఫీలు మాలికీ మార్గాన్ని తీసుకోవచ్చు, తప్పిపోయిన భర్త కోసం నాలుగేళ్లు ఆగితే చాలు అన్నారు. దాని ఆధారంగా ముహమ్మద్ అహ్మద్ కాజ్మీ కేంద్ర శాసనసభలో బిల్లు పెట్టారు. ఆ సభలో అప్పుడు మన పిఠాపురం కవి ఉమర్ అలీషా కూడా సభ్యులే. 1939లో ముస్లిం వివాహాల రద్దు చట్టం వచ్చింది. భర్త నాలుగేళ్లు ఆచూకీ లేకపోయినా, రెండేళ్లు పోషించకపోయినా, ఏడేళ్లు అంతకు మించి జైలు శిక్ష పడినా, క్రూరంగా చూసినా భార్య కోర్టుకు పోయి విడాకులు తీసుకోవచ్చు. భార్య మతం విడిచినంత మాత్రాన పెళ్లి రద్దు కాదని అదే చట్టం చెప్పింది. దొడ్డిదారి మూసి వాకిలి తెరిచారు. తీర్పు చెప్పేది ముస్లిం జడ్జి అయి ఉండాలని మత పండితులైన ఉలమాలు కోరారు, దాన్ని సభ తీసేసింది. వాళ్లకు కోపం వచ్చింది. అయినా చట్టం నిలిచింది.

మాస్టారి గురించి చెప్పాల్సింది ఇక్కడే. ఎనభైల్లో ఆయన పీలేరు దగ్గర పనిచేసేవారు. సాయంత్రం అర్జీలు రాయించుకోవడానికి జనం ఆయన అరుగు మీదికి వచ్చేవాళ్లు. తెలుగు అయ్యవారి దస్తూరీ బాగుంటుందని వాళ్ల నమ్మకం. ఒక రోజు కుట్టుమిషను పని చేసుకునే ఒకామె తమ్ముణ్ని వెంటబెట్టుకుని వచ్చింది. మగడు కువైట్‌కు పోయాడు. మొదట డ్రాఫ్టులు వచ్చాయి, తర్వాత జాబులు వచ్చాయి, తర్వాత రెండూ ఆగిపోయాయి. "వస్తాడులేమ్మా, యాడికి పోతాడు" అంటుంది అత్త. జమాత్ పెద్దలు ఓపిక పట్టమన్నారు. ఆమె వచ్చింది విడాకుల కోసం కాదు. కువైట్‌లో ఎవరికైనా ఉత్తరం రాసిపెట్టమని వచ్చింది.

మాస్టారు ఉత్తరం రాశారు. అది రాసి, ఒక వకీలు మిత్రుడి దగ్గర నుంచి చట్టం పుస్తకం తెప్పించి, మరుసటి వారం ఆమెను మళ్లీ పిలిపించారు. "అమ్మా, నువ్వు ఎదురుచూడాల్సింది నాలుగేళ్లు. అది దాటి రెండేళ్లయింది. ఈ లెక్క నేను కట్టింది కాదు, సర్కారు కట్టింది కాదు, మదీనా నుంచి వచ్చింది" అన్నారు. నేను ఆ అరుగు మీదే ఉన్నాను. కోర్టు మాటకు ఆమె ముఖంలో ఏ మార్పూ లేదు. మదీనా మాట విన్నాక తమ్ముడి వైపు చూసింది. కేసు వేశారు, డిక్రీ వచ్చింది. భర్త తిరిగి వస్తాడేమోనని చట్టం పెట్టిన ఆరు నెలల గడువు కూడా గడిచిపోయింది. ఆ కేసు నడిపిన వకీలుకు గానీ, ఓపిక పట్టమన్న పెద్దలకు గానీ ఆ నాలుగేళ్ల నిబంధన వెనక ఒక పెద్ద మౌలానా చేసిన కసరత్తు ఉందని తెలియదు. మాస్టారికి ఎలా తెలిసిందని అడిగాను. ఒక ఉమరీ మౌల్వీతో బస్సులో మాట కలిసిందట.

ఇస్లాంలో సంస్కరణ సాధ్యమా అని టీవీల్లో అడుగుతుంటారు కదా, ఆ ప్రశ్న నాకు వింతగా ఉంటుంది. జరిగిన సంస్కరణను మనం చదవలేదు, అంతే. అది బయటి నుంచి రాలేదు, శాస్త్రాన్ని కాదని రాలేదు. పక్క గదిలో ఉన్న పుస్తకం తెచ్చి చదివితే వచ్చింది.

హైదరాబాదు కథ వేరు, అది త్వరగా చెప్పి దాటేస్తాను. సంస్కర్త జమాలుద్దీన్ అఫ్గానీ 1879 నుంచి కొంత కాలం అక్కడ ఉండి అలీగఢ్ సంస్కర్త సర్ సయ్యద్ అహ్మద్ ఖాన్ మార్గాన్ని దుయ్యబడుతూ పుస్తకం రాశారు. అదే నగరంలో నిజాం కొలువు చేస్తూ మౌల్వీ చిరాగ్ అలీ సర్ సయ్యద్‌ను మించిపోయి, పాత ధర్మశాస్త్రం మనుషులు కట్టిందే గనక మనుషులు మార్చవచ్చని 1883లో ఇంగ్లీషులో రాశారు. రాజ్యమే ఇస్లామీయం కావాలన్న మౌదూదీ 1933లో 'తర్జుమానుల్ ఖురాన్' పత్రిక పగ్గాలు పట్టిందీ అక్కడే. ఇన్ని పరస్పర విరుద్ధమైన ఆలోచనలకు ఒక్క ఊరు చోటివ్వడం గొప్పే. అయితే అవన్నీ ఉర్దూ, ఫార్సీ, ఇంగ్లీషు పలికిన వాళ్ల మధ్య వాదాలు. వీధిలో తెలుగు మాట్లాడే ముస్లిం వాటికి శ్రోత కూడా కాదు.

తెలుగు మాట్లాడే ముస్లిం దగ్గరికి విషయం చేర్చిన వాళ్లు మన సీమలో ఉన్న వాళ్లు. ఈ సంగతి నేను కొంచెం గర్వంగానే చెప్తాను. ఖురాన్‌ను మొదట సంపూర్ణంగా తెలుగు చేసినవారు చిలుకూరి నారాయణరావు. పుట్టింది ఉత్తరాంధ్రలో, పాఠాలు చెప్పింది అనంతపురం దత్తమండల కళాశాలలో. 'ఆంధ్ర భాషా చరిత్రము' రాసిన పండితుడు, ముస్లిం కాదు. ఆ తర్వాత 1940లలో కర్నూలు మౌలానా అబ్దుల్ గఫూర్ అరబ్బీ మూలం నుంచి తెలుగులోకి తెచ్చారు. ఇప్పుడు ముస్లిం సంస్థలు వేసిన అనువాదాలు చాలా ఉన్నాయి, 'గీటురాయి' లాంటి పత్రిక ఉంది. మొదటి రెండూ మాత్రం అనంతపురం, కర్నూలు. ఎండిపోయిన పెన్న, నిండీ నిండని తుంగభద్ర మధ్య నేల ఆ పని చేసింది.

అనువాదం అంత ముఖ్యమా అని కొందరు పెద్దలకు సందేహం. దూదేకుల ఇళ్లకు వెళ్లి చూడండి. ఇంట్లో మాట తెలుగు, పాట తెలుగు, ఏడుపు తెలుగు. తరాల తరబడి అరబ్బీ రాదనీ, ఉర్దూ రాదనీ వాళ్లను సగం ముస్లింలుగా చూశారు, పెళ్లి సంబంధాల దగ్గర అది ఇంకా పోలేదు. వాళ్ల చేతికి తెలుగు ఖురాన్ వచ్చినప్పుడు ఏం జరిగిందంటే, సాటి ముస్లింను చిన్నచూపు చూడమని అందులో ఎక్కడా లేదని వాళ్లే చదువుకున్నారు. మౌల్వీ చెప్పేదాకా ఆగే పని లేకపోయింది. ఇజ్తిహాద్ అనే పెద్ద మాట పక్కన పెట్టండి, స్వయంగా చదవడం దానికి తొలిమెట్టు.

శుక్రవారం మసీదులో సంగతి చూద్దాం. మన జిల్లాలో నేను నమాజుకు వెళ్లే చిన్న ఊళ్లలో ఖుత్బా అనే శుక్రవారపు అరబ్బీ ప్రసంగానికి ముందు బయాన్, అంటే వివరణ ఉపన్యాసం, ఉర్దూలో సాగుతుంది. ముందు వరసల్లో తలలు ఊగుతుంటాయి. వెనక స్తంభాల దగ్గర కూర్చున్న దూదేకుల యువకులు, ఆటోలు బయట నిలిపి వచ్చిన పిల్లలు చాప గళ్లు లెక్కపెడుతుంటారు. చివర్లో మసీదు మరమ్మతు చందా గురించి మాత్రం శుభ్రమైన తెలుగులో చెప్తారు. డబ్బు అడిగేటప్పుడు అర్థం కావాలి కదా! ఈ మధ్య కొన్ని పట్టణాల్లో కుర్ర ఇమాములు బయాన్ తెలుగులో మొదలుపెట్టారు. ఒకాయన్ని అభినందిస్తే, "సార్, ఉర్దూలో అయితే ఎవరూ ప్రశ్నలు అడగరు. తెలుగులో చెప్పినప్పటి నుంచి నమాజయ్యాక గేటు దగ్గర నిలబెట్టేస్తున్నారు" అన్నాడు. అతడి గొంతులో ఫిర్యాదు ఎంతో సంతోషం ఎంతో నేను తేల్చుకోలేకపోయాను.

ఇప్పుడు కొంచెం ఇబ్బందికరమైన విషయానికి వస్తాను. మన పల్లెల్లో సంస్కరణ అనగానే గుర్తొచ్చేది ఇక్బాల్ కాదు, థానవీ కాదు. "పీర్లు ఎత్తొద్దు, దర్గాకు పోవద్దు, చదివింపులు వద్దు" అని చెప్పడానికి వచ్చిన జమాతులు గుర్తొస్తాయి. అవి కూడా తమను సంస్కర్తలనే అనుకుంటాయి. మూలానికి తిరిగి వెళ్దాం, మధ్యలో పట్టిన తుప్పు వదిలిద్దాం అంటాయి. ఒకే జెండా కింద ఇద్దరు నడుస్తున్నారు. ఒకరు మూలానికి వెళ్లేది కొత్త ప్రశ్నకు జవాబు వెతకడానికి. ఇంకొకరు వెళ్లేది పాత ఆచారాన్ని పీకేయడానికి.

పీకేయడం సులువు. దానికి గ్రంథాలు అక్కర్లేదు, మదీనాకు ఉత్తరాలు అక్కర్లేదు. రాయలసీమలో పీర్ల పండుగ ముస్లింలది మాత్రమే కాదని మీకు చెప్పక్కర్లేదు. అనంతపురం జిల్లా గూగూడులో కుళ్లాయిస్వామి పేరున గుండం తొక్కే జనంలో ఎక్కువమంది హిందువులు. కడపలో పెద్ద దర్గా, పెనుకొండలో బాబయ్య దర్గా, ఉగాది నాడు దేవుని కడప గుడి మెట్లెక్కే ముస్లిం కుటుంబాలు, బీబీ నాంచారమ్మను ఆడపడుచు అనుకునే తలపు, ఇవన్నీ ఒకే మట్టిలోవి. శాస్త్రం ప్రకారం వీటిలో తప్పొప్పులు చర్చించే అర్హత పండితులకు ఉంది, కాదనను. కానీ చావిడిలో పీర్లు లేవకపోతే ఆ ఊళ్లో రెడ్డి, బోయ, సాయిబు కలిసి చేసే పని ఇంకొకటి పుట్టిందా? మలీదా ముద్దలు పంచే చోట ఇప్పుడు ఏం పంచుతున్నాం? ఈ ప్రశ్న వేయని సంస్కరణ సగం పనే చేసిందని నా అభిప్రాయం. మాస్టారు నాతో ఏకీభవించేవారు కాదు. గుండం దగ్గర తాగి పడిపోయే వాళ్లను చూసి ఆయన పీర్ల పండుగకు దూరమయ్యారు. ఈ వాదం మా మధ్య చివరి దాకా తెగలేదు.

పాత ఆచారాలు వద్దనే ఈ శుద్ధి పక్షానికి కూడా న్యాయం చేయాలి. 1937 షరియత్ చట్టం స్థానిక ఆచారాల స్థానంలో ధర్మశాస్త్రాన్ని నిలబెట్టింది. వ్యవసాయ భూమిని మాత్రం పక్కన పెట్టింది. మద్రాసు రాష్ట్రం 1949లో సవరణ చేసి భూమిని కూడా అందులోకి తెచ్చింది. అప్పుడు మనం ఆ రాష్ట్రంలోనే ఉన్నాం కాబట్టి మన జిల్లా ముస్లిం ఆడపిల్లకు తండ్రి చేనులో ఖురాన్ చెప్పిన వాటా ఆ రోజు నుంచి హక్కుగా ఉంది. ఆచారాన్ని పీకేసిన సంస్కరణ ఇక్కడ ఆడపిల్లకు మేలు చేసింది. పీర్లను మాన్పించడానికి ఊరూరా తిరిగిన జమాతుల్లో ఎన్ని ఈ వాటా ఇప్పించడానికి తిరిగాయో పలమనేరు, మదనపల్లె రిజిస్ట్రారు ఆఫీసుల ముందు నిలబడి చూస్తే తెలుస్తుంది. పెళ్లి డబ్బు సంగతీ ఇంతే. కట్నం ఖురాన్‌లో లేదు. పెళ్లికొడుకు పెళ్లికూతురికి ఇవ్వాల్సిన మెహర్ ఉంది. మన పెళ్లిళ్లలో మెహర్ నోటితో చదువుతారు, కట్నం చేతితో లెక్కపెడతారు.

చదువుల వైపు డాక్టర్ అబ్దుల్ హఖ్‌ను తలవకుండా సీమలో ఈ ఉపన్యాసం ముగించకూడదు. కర్నూలు మనిషి. అఫ్జలుల్ ఉలమా, అంటే మద్రాసు విశ్వవిద్యాలయం అరబ్బీ పట్టా ఒక చేత్తో, ఆక్స్‌ఫర్డ్ డాక్టరేటు ఇంకో చేత్తో పట్టుకున్నవాడు. 1947లో దేశమంతా విడిపోతున్న వేళ కర్నూలులో ఉస్మానియా కళాశాల పెట్టించారు. నిజాం పేరు పెట్టారు గానీ అందులో సీమ పిల్లలందరూ చదివారు. 2016లో కర్నూలులో వచ్చిన ఉర్దూ విశ్వవిద్యాలయానికి ఆయన పేరే పెట్టారు. ఆయన పుస్తకాల్లో కొత్త సిద్ధాంతమేదీ వెతకొద్దు. మౌల్వీ కొడుకు ఫిజిక్సు చదవాలి, ఫిజిక్సు చదివిన వాడు అరబ్బీని చిన్నచూపు చూడకూడదు అన్న ఒకే పట్టుదలతో ఆయన కాలేజీలు కట్టుకుంటూ పోయారు.

ఇక మిగిలింది ఈ కాలం. 2017 ఆగస్టు 22న సుప్రీంకోర్టు షాయరా బానో కేసులో ముగ్గురు జడ్జీల మెజారిటీతో ఒకే దఫా మూడు తలాక్‌లను కొట్టేసింది. ఆ విషయంలో ఉలమాలు థానవీలా చేసి ఉంటే కోర్టు దాకా పోయే పని ఉండేది కాదు. ఒకేసారి చెప్పిన మూడు తలాక్‌లను ఒక్కటిగానే లెక్కించే అభిప్రాయం శాస్త్రంలో ఏనాటి నుంచో ఉంది. అహ్లెహదీసులు పాటించేది అదే. ఉమరాబాద్‌లో ఒకే బల్ల మీద ఆ రెండు అభిప్రాయాల వాళ్లూ కూర్చుని చదివారు. పక్క గది పుస్తకం మళ్లీ తెరవలేదు, అంతే తేడా. 2019లో దాన్ని నేరం చేస్తూ చట్టం వచ్చింది. భర్త జైలుకు పోతే భార్యకు అన్నం ఎవరు పెడతారన్న ప్రశ్నకు ఆ చట్టం సరిగ్గా జవాబు చెప్పలేదు, దాన్ని నేను సంస్కరణ అనను. 2024 జూలైలో తెలంగాణ నుంచి వెళ్లిన కేసులో, విడాకులు పొందిన ముస్లిం స్త్రీ కూడా పాత నేర విచారణ స్మృతి 125వ సెక్షన్ కింద భరణం అడగవచ్చని సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఇలా ప్రశ్నలన్నీ కోర్టుకు పోతున్నాయి. ఆడవాళ్లు మసీదుకు వచ్చి నమాజు చేయవచ్చని 2020లో ముస్లిం పర్సనల్ లా బోర్డు చెప్పింది కూడా కోర్టుకే. మన ఊళ్లలో ఎన్ని మసీదులకు వాళ్ల కోసం వేరే వాకిలి, నమాజుకు ముందు కాళ్లూ చేతులూ కడుక్కుని వజూ చేసుకునే చోటు ఉన్నాయో ఇంటికెళ్తూ దారిలో చూసుకోండి.

నిర్వాహకులకు రెండు విన్నపాలు. అమ్మాయిల మదర్సాలు మన చుట్టుపక్కల చాలా వచ్చాయి, ఏటా ఆలిమా (మత పండితురాలు) పట్టాలు పుచ్చుకుని బయటికొస్తున్నారు. ధర్మశాస్త్రం (ఫిఖ్) చదివారు, అరబ్బీ వచ్చు, తెలుగు మన కన్నా బాగా వచ్చు. వచ్చే ఏడాది మాస్టారి ఉపన్యాసం వాళ్లలో ఒకరితో ఇప్పించండి, తెలుగులో. రెండోది, ఉపన్యాసం నలభై నిమిషాలకు కుదించి ప్రశ్నలకు గంట ఇవ్వండి. నేను ఇవాళ నా వంతు దాటి మాట్లాడాను. ప్రశ్నలకు ఇంకా ముప్పై ఐదు నిమిషాలు మిగిలాయి. ఎడమ వైపు కూర్చున్న అమ్మాయిలు ఏదో రాసుకుంటున్నారు, ముందు వాళ్లకు మైకు ఇవ్వండి.